గురువారం రాత్రి, దర్గా వాకిట్లో

కనిగిరి బస్టాండులో మధ్యాహ్నం మూడవుతోంది. సిమెంటు బెంచీ చెయ్యి పెట్టనివ్వడం లేదు. పిన్ని తువ్వాలు నాలుగు మడతలు వేసి బెంచీ మీద పరిచి, చెల్లిని కూర్చోబెట్టింది. తను మాత్రం సంచి చంకన పెట్టుకుని నిలబడే ఉంది.

ఆ సంచి పొద్దున నేనే సర్దాను. చెల్లికి ఒక జత బట్టలు, రెండు దుప్పట్లు. ఇంట్లో ప్లాంటు టిన్నులోంచి పట్టిన నీళ్ల సీసా. మాలకొండ నరసింహస్వామి కుంకుమ పొట్లం. ఆ గుడి వారానికి ఒక్క శనివారమే తీస్తారు. పోయిన శనివారం పిన్ని తెల్లారకముందే బయలుదేరి పోయి తెచ్చింది. పక్కింటి వదిన వాళ్ల చర్చిలో ప్రార్థన చేయించి ఇచ్చిన కొబ్బరినూనె సీసా. అన్నిటి అడుగున, గుడ్డలో చుట్టి, రెండు మాత్రల అట్టలు, డాక్టరు చీటీ. చెమటకు తడవకుండా చీటీని ప్లాస్టిక్ కవరులో పెట్టింది పిన్నే. వాటిలో ఏది తీసేద్దామన్నా ఒప్పుకోలేదు.

చెల్లికి ఐదు నెలల కిందట పాప పుట్టింది. పదో రోజు నుంచి నిద్ర లేదు. రెండు రోజులు బాలింత నీరసమనుకున్నారు. తర్వాత గోడవైపు తిరిగి మాట్లాడటం మొదలుపెట్టింది. పాపను ఎవరో మార్చేశారంది. "ఇది నా బిడ్డ కాదమ్మా, నా బిడ్డని తెచ్చియ్యండి" అని అర్ధరాత్రి వీధిలోకి పరిగెత్తింది. ఇంటిల్లిపాదీ ఒకటే మాట: గాలి సోకింది. గుమ్మానికి వేపమండలు కట్టారు. ఉప్పు, ఎండుమిరపకాయలు దిగదుడిచి పొయ్యిలో వేశారు. మిరపకాయల ఘాటు రాలేదు కాబట్టి దిష్టేనన్నారు. మెడలో తాయెత్తు పడింది. అట్టా పదకొండు రోజులు పోయాయి. ఆ పదకొండు రోజులూ నేను ఊళ్లో లేను. ఉండుంటే మొదటి రోజే ఆసుపత్రికి తీసుకుపోయేదాన్నని గుండె మీద చెయ్యి వేసుకుని చెప్పలేను. నేనూ ఆ ఇంట్లో పెరిగినదాన్నే.

ఈ జబ్బుకు వైద్యులు పెట్టిన పేరు ప్రసవానంతర సైకోసిస్. వెయ్యి కాన్పుల్లో ఒకరికో ఇద్దరికో వస్తుంది. ఎక్కువగా మొదటి రెండు వారాల్లో, ఉన్నట్టుండి వస్తుంది. మందులకు బాగా లొంగుతుంది. కానీ మనం తీరిగ్గా ఆలోచించుకునేదాకా ఆగదు. ఆ రోజుల్లో తల్లికీ బిడ్డకీ ప్రాణగండం. పన్నెండో రోజు బాబాయి ఎవరి మాటా వినకుండా కారు మాట్లాడి ఒంగోలు తీసుకెళ్లాడు. మాత్రలు మొదలైన వారానికి చెల్లికి నిద్ర పట్టింది. ఆరో వారానికి పాప చెయ్యి పట్టుకుని వేళ్లు లెక్కపెట్టింది.

"మరి ఇప్పుడు దర్గా ఎందుకు పిన్నీ?" అని నిన్న రాత్రి అడిగాను.

"మొక్కుకున్నానమ్మే. అది వీధిలో పరిగెత్తినప్పుడు మొక్కుకున్నా. తీర్చకుండా ఎట్టా?" అంది. కాసేపాగి, గిన్నెలు కడుగుతూ, నా వైపు చూడకుండా అంది: "నాక్కూడా ఆడ ఒక రాత్రి పడుకోవాలనుంది."

ఆ రెండో మాట నాకు అప్పుడు అర్థం కాలేదు.

బస్సు కదిలింది. కనిగిరి కొండ వెనక్కి జరిగి, ఎండలో బూడిదరంగు మచ్చలా మిగిలింది. ముందు సీట్లో కాలేజీ పిల్లలిద్దరు ఫోను చూసి నవ్వుతున్నారు. ఒక పిల్ల నవ్వుతూనే చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుంది. గార పళ్లు. మా వైపు పిల్లలకు నవ్వడంతో పాటే ఆ చెయ్యి అడ్డం పెట్టుకోవడమూ అలవాటవుతుంది.

మా తాతకు యాభై నిండకముందే మెడ బిగుసుకుపోయింది. పక్కకి చూడాలంటే మనిషి మొత్తం తిరగాలి. ఆయన మొక్కని దేవుడు లేడు. భైరవకోన జలపాతం కింద తడిసొచ్చాడు. మేం ఇప్పుడు పోతున్న దర్గాకీ పోయొచ్చాడట. ఆయన పసివాడిగా ఉన్నప్పుడే, 1937లో, మద్రాసు ప్రెసిడెన్సీ వైద్యులు నెల్లూరు జిల్లా పల్లెల్లో ఇట్లాంటి మనుషులను పరీక్షించి, దీనికి మూలం బావినీళ్లలోని ఫ్లోరైడని రాసి అచ్చువేశారు. అప్పటికి మా కనిగిరి నెల్లూరు జిల్లాదే. ఒంగోలు కేంద్రంగా వేరే జిల్లా అయింది 1970లో, దానికి ప్రకాశం పేరు వచ్చింది 1972లో. లీటరు నీటిలో ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటితే ముప్పని ఇప్పుడు బడిపిల్లలూ చెబుతారు. జబ్బు పేరు కాగితం మీద పడ్డాక కూడా ఎన్నో ఏళ్లదాకా మా తాత తోడుకున్న బావికి మాత్రం ఆ కబురు అందలేదు. మొక్కులు ఆయనకు ఓర్పునిచ్చాయి. నేను చూశాను ఆ ఓర్పును, తక్కువ చెయ్యను. కానీ ఆయన ఎముకలకు కావలసింది వేరే నీళ్లు. పిన్ని ఎక్కడికి పోయినా ప్లాంటు నీళ్ల సీసా లేనిదే గడప దాటదు. ఆయన కూతురు కదా.

పామూరులో బస్సు మారాలి. అరగంట ఆగాం. పేరులోనే పాము ఉన్న ఊరు. నాగేంద్రుడి గుడికి చుట్టుపక్కల ఎక్కడెక్కడినుంచో జనం వస్తారు. టీ తాగుతుంటే మా ఊళ్లో పాముమంత్రం వేసే పెద్దాయన గుర్తొచ్చాడు. మా చిన్నప్పుడు పాము కరిస్తే ముందు ఆయన అరుగు మీదికే మోసుకుపోయేవాళ్లు. కరిచింది విషం లేని పామైనా, కోర దిగినా విషం ఎక్కకపోయినా మనిషి లేచి కూర్చునేవాడు, పేరు మంత్రానిదయ్యేది. విషం ఎక్కినవాళ్లు ఆ అరుగు మీదే పోయేవాళ్లు. 2000 నుంచి 2019 దాకా ఇరవై ఏళ్లలో మన దేశంలో పాముకాటుకు దాదాపు 12 లక్షల మంది పోయారని పరిశోధకులు లెక్కకట్టారు. మన రాష్ట్రం ఆ జాబితాలో పైవరసలోనే ఉంది. ఇప్పుడు ఆ పెద్దాయన కొడుకు మంత్రం వేస్తాడు. ముందు 108కి ఫోను చేయించి, బండి వచ్చేదాకా వేస్తాడు. కరిచిన మనిషిని కదలనివ్వడు, గాభరా పడనివ్వడు. "ఏం కాదు, నేనున్నా" అంటూ కాలు కదలకుండా పట్టుకుని కూర్చుంటాడు. బండి రాగానే లేచి దారిస్తాడు. డాక్టర్లు చెప్పే ప్రథమచికిత్సా అదే: కదలకుండా, కంగారుపడకుండా ఉంచి, తొందరగా ఆసుపత్రికి చేర్చడం. మంత్రం ఎక్కడిదాకా, మందు ఎక్కడినుంచి అన్న హద్దును ఆ చదువులేని మనిషి ఎంత సరిగ్గా గీశాడో తలచుకుంటే నాకు ఒళ్లు జలదరిస్తుంది.

పొద్దు వాలేసరికి ఏఎస్ పేట చేరాం. కాగితాల్లో అనుమసముద్రంపేట. హజ్రత్ ఖాజా రహమతుల్లా దర్గా ఉన్న ఊరు.

ముందు వాసన వచ్చింది. సాంబ్రాణి, గులాబీలు, అగరొత్తులు, ఆ వెనకే ఎక్కడో ఉడుకుతున్న అన్నం. దారికి అటూ ఇటూ అంగళ్లలో పూల చాదర్లు, చక్కెర బిళ్లలు, నల్లతాళ్లు. గురువారం సాయంత్రం కాబట్టి జనం పలచగా లేరు. బొట్టు పెట్టుకున్న ఆడవాళ్లు, బురఖాలో ఉన్న ఆడవాళ్లు ఒకే కుళాయి దగ్గర కాళ్లు కడుక్కుంటున్నారు. ఒకరి బిందె ఒకరు పట్టుకుంటున్నారు.

మా వైపువాళ్లకు ఇందులో వింతేమీ లేదు. మా వీధిలో మస్తానమ్మ ఉంది, మస్తాన్ రావు ఉన్నాడు. ఇద్దరూ తిరునామాల ఇళ్లలో పుట్టినవాళ్లే. పిల్లలు నిలవకపోతే దర్గాకు మొక్కుకుని, పుట్టినవాళ్లకు వలీ పేరు పెట్టుకున్న ఇళ్లు నెల్లూరు నుంచి మార్కాపురం దాకా ఎన్నో. మొహర్రానికి నెల్లూరు స్వర్ణాల చెరువులో మోకాళ్లలోతు నీళ్లలో నిలబడి ఆరోగ్య రొట్టె పట్టుకునేవాళ్లను ఎవరూ కులమతం అడగరు. నొప్పి వచ్చినప్పుడు మా జనం ఏ గడపైనా తొక్కుతారు. దాన్ని మూఢత్వమని తోసేసేవాళ్లు ఒక్కసారి ఆ నొప్పితో రాత్రి గడిపి చూడాలి.

గడప దగ్గర ఆగాం. లోపల సమాధి మీద ఆకుపచ్చ చాదరు, దాని మీద పూలు. పిన్ని తల మీద కొంగు కప్పుకుంది. చెల్లి కూడా కప్పుకుంది, ఎవరూ చెప్పకుండానే. ముజావర్ ఫాతెహా చదివి, నెమలీకల కట్టతో ముగ్గురి తలల మీదా మెల్లగా తాకించాడు. ఈకలు నుదుటి మీద తగిలినప్పుడు చెల్లి కళ్లు మూసుకుంది. ఐదు నెలల్లో ఆమెను తాకిన చేతులన్నీ పట్టుకోవడానికో, ఆపడానికో, సూది వెయ్యడానికో తాకినవే. ఈ తాకిడి వేరు. పక్కనున్న నాకు ఆమె ఊపిరి వదలడం వినిపించింది.

వాకిట్లో దుప్పటి పరిచాం. చీకటి పడేకొద్దీ ఆ వాకిలి మెల్లగా ఊరైపోయింది. మా ఎడమపక్కన కన్నడం మాట్లాడుకునే కుటుంబం. తండ్రి చెయ్యి పట్టుకుని పాతికేళ్ల కొడుకు కూర్చున్నాడు, చూపు ఎక్కడో ఉంది. కుడిపక్కన డెబ్బై దాటిన ఒక ముసలమ్మ, నలభై ఏళ్ల కొడుకుతో. సాంబ్రాణి పొగ చిక్కబడగానే అవతల మూలన ఒకామె జుట్టు విరబోసుకుని ఊగడం మొదలుపెట్టింది. గొంతు మగగొంతులా మారింది. అత్తను, మొగుణ్ణి, చచ్చిపోయిన మరిదిని పేరుపేరునా తిట్టింది. నాకు కాళ్లు వణికాయి. చుట్టూ ఉన్న ఎవరూ ఆమె నోరు నొక్కలేదు, వేళాకోళం చెయ్యలేదు. ఒకామె దగ్గరికి పోయి, తల నేలకు తగలకుండా చెయ్యి అడ్డం పెట్టి కూర్చుంది, అంతే. పావుగంటకు ఆ మనిషి సొమ్మసిల్లి పడుకుంది. ఎవరో నీళ్లు తాగించారు.

పగలు తన ఇంట్లో ఆ మాటల్లో ఒక్కటి అనుంటే ఆ మనిషికి ఏం జరిగేదో ఊహించడం కష్టం కాదు. అక్కడ ఆ మాటలు ఆమెవి కావు, ఆమె మీదికి వచ్చినదానివి. తప్పు ఆమె మీద పడదు. జబ్బుకు ఇది చికిత్సేనని నేను చెప్పను. కానీ మనసులో కుళ్లిపోతున్నదాన్ని బయటపెట్టుకునే ఇట్లాంటి చోటు ఆమెకు ఇంకెక్కడుంది?

"అమ్మాయి మాత్ర ఏసిందా?" కుడిపక్క ముసలమ్మ అడిగింది.

నేను ఉలిక్కిపడ్డాను. దర్గా వాకిట్లో ఆ ప్రశ్న వస్తుందనుకోలేదు.

"ఇంకా లేదు పెద్దమ్మా. అన్నం తిన్నాక."

"ముందు అన్నం పెట్టండి, టైముకి ఏసెయ్యండి. నేను బుద్ధి లేక ఒకసారి మాన్పిచ్చినా. ఈ సామినే నమ్ముకుంటే సాల్లే అనుకున్నా. మూడు నెల్లు బాగుండె. నాలుగో నెల్లో బాయిలో దూకబోయినాడు." కొడుకు తల మీద చెయ్యి వేసింది. "సామికి మాత్ర మీద కోపమేంది? మనమే ఇట్టా అనుకుంటాం."

పిన్ని సంచి విప్పింది. మూత తీసి, ఇంటి నీళ్లతో మాత్ర వేయించింది. తర్వాత పక్కింటి వదిన నూనె రెండు చుక్కలు చెల్లి మాడు మీద అద్ది, మాలకొండ కుంకుమ నుదుట దిద్దింది. ఆ ముసలమ్మ చూస్తూ ఉండి, తన కొడుక్కూ కాస్త నూనె అడిగింది. పిన్ని సీసా ఇచ్చేసింది.

నాకు నిద్ర రాలేదు. ఇట్లాంటి వాకిళ్ల గురించి చదివినవన్నీ ఒకదాని వెంట ఒకటి వచ్చాయి.

తమిళనాడులో వేలాయుదంపాళయంపుదూరు అనే ఊళ్లో ముత్తుస్వామి గుడి ఉంది. మనసు చెదిరినవాళ్లను తెచ్చి ఆ గుడి దగ్గర ఉంచేవాళ్లు. మానసిక వైద్యుడు రఘురామ్, ఆయన తోటివాళ్లు అక్కడ చేరిన 31 మందిని పరిశీలించి 2002లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో రాశారు. సగటున ఆరు వారాలున్నారు. మందులు లేవు. పొద్దున్నే కొద్దిసేపు పూజ, తర్వాత ఆవరణ ఊడవడం, మొక్కలకు నీళ్లు పొయ్యడం, వెంట వచ్చిన మనిషితో కలిసి ఉండటం. జబ్బు తీవ్రతను కొలిచే అంకెలు దాదాపు ఐదోవంతు తగ్గాయి. దేవుడు దిగొచ్చాడని వాళ్లు రాయలేదు. వెలివేయని చోటు, తోడుండే మనిషి, చేతికింత పని దొరికితే మనసు కొంత కుదుటపడుతుందనే వాళ్లు చెప్పింది.

ఇంత మేలూ, అంతకు మించిన కీడూ రెండూ ఇట్లాంటి వాకిళ్లలోనే జరిగాయి. అదే తమిళనాడులో, ఏర్వాడి దర్గా ఊళ్లో, 2001 ఆగస్టు 6 తెల్లవారుజామున ఒక ప్రైవేటు షెడ్డుకు నిప్పంటుకుంది. లోపల ఉన్నవాళ్లు గొలుసులతో కట్టేసి ఉన్నారు. 28 మంది కాలిపోయారు. ఆ వార్త వచ్చిన రోజు మా ఇంట్లో పిన్ని పేపరు తిప్పి బోర్లా పెట్టేసింది. 2017 మానసిక ఆరోగ్య చట్టం రోగిని ఏ రకంగానూ గొలుసులతో కట్టెయ్యకూడదని రాసింది. చట్టం రాక ముందైనా, ఎవరికైనా, ఆ గొలుసు తప్పని తెలియడానికి పుస్తకం అక్కర్లేదు. కానీ కట్టినవాళ్లలో చాలామంది కన్నవాళ్లే, ఏం చెయ్యాలో తెలియక, రాత్రంతా కాపలా కాయలేక కట్టినవాళ్లే. వాళ్లకు ఒక్క రాత్రి నిద్ర ఇచ్చేవాళ్లు లేకపోయారు.

1950లలో అమృత్‌సర్ మానసిక వైద్యశాలలో మంచాలు చాలక, డాక్టర్ విద్యాసాగర్ ఆవరణలో గుడారాలు వేయించి రోగులతో పాటు వాళ్ల ఇంటివాళ్లనూ ఉంచుకున్నారు. ఇంటివాళ్లు దగ్గరుంటే రోగి తొందరగా తేరుకోవడం, ఇంటివాళ్లకు జబ్బు మీద భయం పోవడం ఆయన కళ్లారా చూశారు. గుజరాత్‌లో ఉనావా మీరా దాతార్ దర్గాలో పదిహేనేళ్లకు పైగా ముజావర్లు, మానసిక వైద్యులు కలిసి పని చేస్తున్నారు. దాని పేరే దవా, దువా: మందూ, ప్రార్థనా. మొక్కుకోవడానికి వచ్చినవాళ్లను ముజావరే పక్క గదిలో ఉన్న డాక్టరు దగ్గరికి పంపుతాడు. బెంగళూరు నిమ్హాన్స్‌లో చెల్లిలాంటి తల్లుల కోసమే, బిడ్డను వేరు చెయ్యకుండా ఇద్దరినీ చేర్చుకునే వార్డు 2009 నుంచి ఉంది. అట్లాంటిది మాకు దగ్గరలో ఉండుంటే పాప ఆ ఆరు వారాలు పోతపాలతో, మేనత్త ఒళ్లో పెరిగేది కాదు.

నేను వెళ్లిన ఆసుపత్రుల్లో ఒకచోట, పిన్నిని గది బయట నిలబెట్టారు. నాలుగు గంటలు. కూర్చోవడానికి బల్ల లేదు. డాక్టరు మంచివాడు, మందు సరైనది, చెల్లి బతికింది ఆ మందు వల్లే. కానీ "నీకు నిద్ర ఉందా తల్లీ" అని పిన్నిని అడిగినవాళ్లు లేరు. మందు ఇచ్చే చోట కూడా ఒక వాకిలి ఉండాలి. రోగిని మోసుకొచ్చిన మనిషి నడుం వాల్చడానికి, ఏడవడానికి, తనలాంటి ఇంకో మనిషితో మాట్లాడటానికి. అది ఖరీదైన యంత్రం కాదు.

రెండు గంటలప్పుడు తల తిప్పి చూశాను. చెల్లి నిద్రపోతోంది. మాత్ర పని చేస్తోంది. చెల్లి పక్కన పిన్ని వెల్లకిలా పడుకుని, నోరు తెరిచి, సన్నగా గురక పెడుతోంది. ఇంట్లో ఈ ఐదు నెలలూ ఆమె తలుపుకు అడ్డంగా, చెల్లి కొంగు తన చేతికి ముడేసుకుని పడుకుంది. చీమ చిటుక్కుమంటే లేచేది. ఇప్పుడు చేతికి ముడి లేదు. కుడిపక్క ముసలమ్మ మాత్రం మేలుకుని ఉంది, తస్బీ లేదు, జపమాల లేదు, ఊరికే కూర్చుని మా ముగ్గురి వైపూ, తన కొడుకు వైపూ చూస్తోంది. నాకు సైగ చేసింది. పడుకో, నేను చూస్తా అని.

తెల్లవారుజామున ఫజర్ అజాకు మెలకువ వచ్చింది. ఆకాశం ఇంకా నల్లగానే ఉంది. వాకిలి ఊడుస్తున్న చీపురు చప్పుడు. చెల్లి లేచి నిలబడి ఉంది. గుండె గుభేలుమంది. చూస్తే అవతల ఊడుస్తున్న ఆమె దగ్గరికి పోయి, రెండో చీపురు తీసుకుని, తనూ ఊడవడం మొదలుపెట్టింది. మెల్లగా, ఇంట్లో ఊడ్చినట్టే, మూలల్లోంచి మధ్యకు. పిన్నిని లేపబోయి ఆగిపోయాను.

బయలుదేరేముందు ముసలమ్మ కొడుకు మాత్రల అట్ట తీసి నాకు చూపించింది. అందులో ఇంక మూడే ఉన్నాయి. వాళ్ల ఊరికి దగ్గర్లో మానసిక వైద్యుడు లేడట. 14416 అని ప్రభుత్వం నడిపే టెలిమానస్ నంబరు ఒకటుంది, డబ్బులు తీసుకోరు, తెలుగులోనే మాట్లాడతారు. ఆ ఐదు అంకెలు ఆమె కొడుకు చీటీ వెనక పెద్దగా రాసిచ్చాను. ఆమెకు చదవడం రాదు. చాక్లెట్లమ్మే అంగడి అబ్బాయిని పిలిచి, ఆమె చిన్న ఫోనులో ఒక్క అంకె నొక్కితే పోయేటట్టు పెట్టించాం. ఆమె పిన్ని చేతిలో నల్లతాడు ఒకటి పెట్టింది. "పాపకి కట్టు" అంది.

బస్సు పామూరు దాటాక సిగ్నలు వచ్చింది. పిన్ని ఇంటికి ఫోను కలిపి, ఎత్తగానే చెల్లి చెవి దగ్గర పెట్టింది. అవతల మేనత్త పాపను ఫోను దగ్గరికి తెచ్చినట్టుంది. చెల్లి ఏమీ మాట్లాడలేదు. వింటోంది. చాలాసేపు విని,

"ఆకలేస్తందిరా దానికి. ఆ ఏడుపు ఆకలిదే" అంది.